స్మిత్ వెనుక మాక్ గవన్: ఐరిష్ ఇంటిపేరు మూలాన్నీ రూపాంతరాలనూ ఎలా వెతకాలి?

ఐర్లాండ్‌లో స్థిరపడిన తెలుగువారు, ఐరిష్ కుటుంబాలతో వియ్యమందినవారు నన్ను పదే పదే అడిగే ప్రశ్న ఇంచుమించు ఇలా ఉంటుంది: "మా అల్లుడి ఇంటిపేరు స్మిత్. వాళ్ల తాతగారు మాత్రం తమది మెక్‌గోవన్ల ఇల్లని చెప్పేవారట. ఐరిష్ మాధ్యమం బడిలో మా మనవరాలిని నిక్ గవన్ అని రాసుకున్నారు. ఒక్క ఇంటికి మూడు ఇంటిపేర్లు ఎక్కడి నుంచి వచ్చాయి? అసలుది ఏది?"

ఈ మూడూ ఒకే పేరు కావచ్చు. ఐరిష్ భాషలో 'గవ' అంటే కమ్మరి, 'గవన్' అంటే కమ్మరి యొక్క, 'మాక్' అంటే కొడుకు. మాక్ గవన్ అంటే కమ్మరి కొడుకు. దాన్ని విన్నట్టుగా ఇంగ్లీషులో రాస్తే మెక్‌గోవన్ అయింది, అర్థాన్ని అనువదిస్తే స్మిత్ అయింది, ఆడపిల్లకు వాడితే నిక్ గవన్ అయింది. మనలోనూ కమ్మరి అనే ఇంటిపేరు ఉంది కనుక అర్థం చేసుకోవడం మనకు కష్టం కాదు. అయితే ప్రతి స్మిత్ మాక్ గవన్ కాదు. మీ ఇంటి స్మిత్ ఏ స్మిత్ అన్నది పేరును ఎంతసేపు చూసినా తేలదు. ఆ కుటుంబం ఏ ఊరిదో తెలిస్తేనే తేలుతుంది. కింది పద్ధతి అంతా ఆ ఊరిని పట్టుకోవడానికే. ఇక్కడ మాక్ గవన్‌ను ఉదాహరణగా తీసుకున్నాను. మీది మరో పేరైనా మెట్లు ఇవే.

కావలసినవి

మీకు తెలిసిన అత్యంత పాత పూర్వీకుడి పేరు, సుమారు పుట్టిన సంవత్సరం, మతశాఖ (క్యాథలిక్, చర్చ్ ఆఫ్ ఐర్లాండ్, ప్రెస్బిటేరియన్), కనీసం కౌంటీ పేరు ఉండాలి. టౌన్‌ల్యాండ్ పేరు దొరికితే సగం పని అయిపోయినట్టే. టౌన్‌ల్యాండ్ అంటే కొన్ని ఇళ్లూ వాటి పొలాలూ కలిసిన అతి చిన్న భూవిభాగం. ఐర్లాండ్ దీవి మొత్తం మీద ఇవి 60 వేలకు పైగా ఉన్నాయి. ఇవికాక ఇంటర్నెట్ ఉన్న కంప్యూటర్, ఒక మంచి నోటు పుస్తకం చాలు. డబ్బు కట్టాల్సిన వంశవృక్ష వెబ్‌సైట్ల జోలికి మొదట్లోనే వెళ్లవద్దు. జాతీయ అభిలేఖాగారం వారి 1901, 1911 జనగణన పత్రాలు, ప్రభుత్వం ఉంచిన జనన, వివాహ, మరణ నమోదులు, జాతీయ గ్రంథాలయం వారి క్యాథలిక్ చర్చి రిజిస్టర్లు, గ్రిఫిత్ భూమి విలువల పట్టిక, లోగానిమ్ అనే స్థలనామాల నిధి, ఈ ఐదూ ఉచితంగానే దొరుకుతాయి.

1. ఇంట్లో ఉన్న రూపాలన్నిటినీ ఉన్నవి ఉన్నట్టు రాసుకోండి

పాత ఉత్తరాలు, ప్రార్థన పుస్తకాల మొదటి పుట, సమాధి రాళ్ల ఫొటోలు, పెళ్లి ధ్రువపత్రాలు చూసి, ప్రతి రూపాన్నీ ఒక్క అక్షరం కూడా దిద్దకుండా, తేదీతో, ఊరితో, రాసినవారి పేరుతో సహా నమోదు చేయండి. ఇక్కడ రెండు గుర్తుల మీద కన్నేసి ఉంచాలి. అచ్చు మీద వాలుగా పెట్టే గీతను ఫాడా అంటారు. ఆ మాటకు అర్థమే పొడవు. అది మన దీర్ఘం వంటిది, దాన్ని వదిలేస్తే మాట మారిపోతుంది. రెండవది చుక్క. గవన్‌ను ఇప్పుడు జి, ఏ, బి, హెచ్, ఏ, ఎన్, ఎన్ అని రాస్తారు. పాత గేలిక్ లిపిలో ఆ హెచ్ ఉండదు, దాని బదులు 'బి' నెత్తిన ఒక చుక్క ఉంటుంది. నాచు పట్టిన రాతి మీద ఆ చుక్క రాలిన పెచ్చులా కనబడి, చాలామంది దాన్ని వదిలేసి 'గబన్' అని రాసుకుంటారు. తర్వాత ఆ రూపం ఎక్కడ వెతికినా దొరకదు. ఫొటోను పెద్దది చేసి, వెలుతురు పక్క నుంచి పడేలా తీసిన మరో ఫొటోతో పోల్చి చూడండి.

2. పేరును ముక్కలుగా విడదీయండి

ఐరిష్ ఇంటిపేరు ముందుండే చిన్న మాట ఎవరి గురించో చెబుతుంది. 'మాక్' అంటే కొడుకు, 'ఓ' అంటే మనవడు లేదా వంశస్థుడు. పాత రాతల్లో ఈ 'ఓ' స్థానంలో 'ఉవ' కనబడుతుంది. ఆడపిల్లకు మాక్ కాస్తా 'నిక్' అవుతుంది, ఓ కాస్తా 'నీ' అవుతుంది. పెళ్లయి భర్త ఇంటిపేరు తీసుకున్న స్త్రీకి మాక్ బదులు 'విక్', ఓ బదులు 'ఈ' వస్తాయి. ఈ 'విక్'ను ఎమ్, హెచ్, ఐ, సి అని రాస్తారు. ఎమ్‌హెచ్ కలిస్తే వ ధ్వని పలుకుతుంది.

స్త్రీలకు వాడే ఈ చిన్న మాటల తర్వాత అసలు పేరులోని తొలి హల్లు మెత్తబడుతుంది. మన వ్యాకరణంలో గసడదవాదేశం వల్ల 'వాడు పోయె' అన్నది 'వాడు వోయె' అయినట్టే, మర్ఫీల ఇంట్లో తండ్రి ఓ ముర్ఖూ అయితే కూతురు నీ వుర్ఖూ అవుతుంది. అయితే నిక్, విక్ తర్వాత సి, జి అక్షరాలు మారవు. అందుకే మనవరాలు నిక్ గవన్ అయింది, జి అలాగే నిలిచింది. అన్న మాక్ గవన్, చెల్లెలు నిక్ గవన్, తల్లి విక్ గవన్ అని ఉంటే అవి మూడు ఇంటిపేర్లు కావు. వాటిని నోటు పుస్తకంలో ఒకే వరుసలో రాయండి.

3. ఇంగ్లీషు రూపాల జాబితా తయారు చేయండి

ఐరిష్ పేరు మూడు దారుల్లో ఇంగ్లీషులోకి వెళ్లింది. మీ జాబితాలో మూడు దారులకూ చోటుండాలి.

మొదటిది చెవికి వినబడినట్టు రాయడం: మెక్‌గోవన్, మగోవన్, మెక్‌గౌన్, ఓగోవన్. మెక్ అన్న ముక్కను పూర్తిగా రాసినా, ఎమ్‌సి అని కుదించినా, ఎమ్ పక్కన పైకామా పెట్టినా పేరు మారదు. రెండవది ముందుమాటను వదిలేయడం: గోవన్. మూడవది అనువాదం: స్మిత్, వై అక్షరంతో రాసే స్మిత్, చివర ఇ చేర్చిన స్మైత్.

అనువాదానికి పాత చరిత్ర ఉంది. డబ్లిన్ చుట్టూ ఇంగ్లీషు పాలన కింద ఉన్న కౌంటీల్లోని ఐరిష్ వారు ఒక పట్టణం పేరో, రంగు పేరో, స్మిత్, కార్పెంటర్ వంటి వృత్తి పేరో, కుక్, బట్లర్ వంటి ఉద్యోగం పేరో ఇంటిపేరుగా పెట్టుకోవాలని 1465లో ఒక చట్టం చేశారు. అందరూ దాన్ని పాటించలేదు. కానీ తర్వాతి శతాబ్దాల్లో ఇంగ్లీషు రాజభాషగా వేళ్లూనినకొద్దీ ఈ మార్పు ఊపందుకుంది. 1890 జననాల నమోదును బట్టి ఇంటిపేర్లను లెక్కించిన నమోదు శాఖ అధికారి మాథెసన్ పట్టికలో ఐర్లాండ్ మొత్తం మీద స్మిత్ ఐదవ స్థానంలో నిలిచింది. మర్ఫీ, కెల్లీ, సల్లివాన్, వాల్ష్ మాత్రమే దాని కంటే ముందున్నాయి. ఇంగ్లండు నుంచి వచ్చినవారితో మాత్రమే అంత సంఖ్య రాదు.

హెచ్చరిక: అనువదించినవారు కొన్నిసార్లు తప్పు అర్థం తీశారు. 'సీర్' అనే మాటకు చేతిపనివాడు అనీ, స్వేచ్ఛ కలవాడు అనీ రెండర్థాలున్నాయి. దానివల్ల మాక్ అన్ టీర్ కుటుంబాల్లో కొన్ని కార్పెంటర్లయితే, మరికొన్ని పొరపాటున ఫ్రీమన్లయ్యాయి. కాబట్టి ఇంగ్లీషు పేరును అనువాద యంత్రంలో వేసి ఐరిష్ మూలం కనుక్కోవాలని చూడకండి. 1923లో పాట్రిక్ ఊల్ఫ్ ప్రచురించిన ఇంటిపేర్ల నిఘంటువు వంటి దానిలో, మీ ఇంగ్లీషు రూపం కింద ఎన్ని ఐరిష్ రూపాలు ఇచ్చారో చూసి, అన్నిటినీ రాసుకోండి. ఒక్కటే ఉంటుందని అనుకోవద్దు.

ఇంకొకటి. చాలా వెబ్‌సైట్లు పలుకుబడిని బట్టి వెతికే సౌండెక్స్ పద్ధతిని వాడతాయి. అందులో మెక్‌గోవన్, మగోవన్ రెండింటికీ సంకేతం ఎమ్ 250. గోవన్‌కు జి 500. ఓగోవన్‌కు ఓ 250. స్మిత్ రాతలన్నిటికీ ఎస్ 530. అంటే ఒక్కసారి వెతికితే నాలుగింట ఒక వంతే చూసినట్టు. నాలుగుసార్లూ విడివిడిగా వెతకాలి.

4. ఊరు పట్టుకోండి

1911 జనగణన నుంచి మొదలుపెట్టి, తర్వాత 1901కి వెళ్లండి. ఇంటిపేరుతో మొదలుపెడితే కావన్ కౌంటీలోనే స్మిత్‌ల వరద వస్తుంది. కుటుంబంలో అరుదైన మొదటి పేరు ఉన్న వ్యక్తిని, వయసును, కౌంటీని వేసి వెతికి, ఇంటిపేరు గడి ఖాళీగా ఉంచి చూడండి. దొరికిన తర్వాత అక్షరాలు టైపు చేసిన జాబితాతో తృప్తి పడకుండా చేతిరాత పత్రాన్ని తెరవండి. ఇంటి పెద్ద సంతకం, భాషకు సంబంధించిన గడి అందులోనే ఉంటాయి. ఆ గడిలో 'ఐరిష్ అండ్ ఇంగ్లీష్' అని రాసి ఉంటే, ఆ ఇంట్లో ఎవరో ఒకరికి పేరు ఐరిష్ రూపంలో తెలిసి ఉండే అవకాశం ఎక్కువ. ఐరిష్ భాష పునరుద్ధరణ కోసం 1893లో మొదలైన గేలిక్ లీగ్ సంఘం ప్రభావంతో 1911లో కొందరు పత్రమంతా ఐరిష్‌లోనే నింపారు. అలాంటి ఇల్లు స్మిత్ కిందా దొరకదు, మెక్‌గోవన్ కిందా దొరకదు. మాక్ గవన్ అని వెతకాలి.

వయసుల విషయంలో జాగ్రత్త. 1901లో 56 ఏళ్ల మనిషి 1911లో 71 ఏళ్లవాడు కావడం మీకు తరచుగా కనిపిస్తుంది. 70 నిండినవారికి పింఛను ఇచ్చే చట్టం 1908లో వచ్చింది. పుట్టిన తేదీకి కాగితం లేనివారు తమకు తోచిన వయసు చెప్పారు. అందుచేత పదేళ్ల తేడా సరిగ్గా రాలేదని సరైన కుటుంబాన్ని వదులుకోకండి.

టౌన్‌ల్యాండ్ పేరు తెలిశాక లోగానిమ్‌లో చూసి, అది ఏ సివిల్ పారిష్ (కొన్ని టౌన్‌ల్యాండ్ల సముదాయం), ఏ బారనీ (కొన్ని పారిష్‌ల సముదాయం), ఏ కౌంటీలో ఉందో రాసుకోండి. ఒకే పేరుతో టౌన్‌ల్యాండ్లు చాలా ఉంటాయి. సివిల్ పారిష్ వేరు, క్యాథలిక్ పారిష్ వేరు, జనన నమోదు జిల్లా వేరు. ఈ మూడింటి సరిహద్దులు కలవవు, నమోదు జిల్లా కౌంటీ హద్దును కూడా దాటిపోతుంది. నా దగ్గరకు వచ్చిన చిక్కుముడుల్లో ఎక్కువ భాగం ఈ ఒక్క గందరగోళం వల్ల పడినవే.

5. తరం తరంగా వెనక్కి వెళ్లండి

జననాలు, మరణాలు, అన్ని మతాల పెళ్లిళ్లు 1864 నుంచి ప్రభుత్వ నమోదులో ఉన్నాయి. క్యాథలిక్ కాని పెళ్లిళ్లు 1845 నుంచే ఉన్నాయి. మనకు అన్నిటికంటే విలువైనది జనన నమోదు, ఎందుకంటే అందులో తల్లి పుట్టింటి పేరు కూడా రాశారు. ఉదాహరణకు ఒక టౌన్‌ల్యాండ్‌లో 1866లో పుట్టిన బిడ్డకు తండ్రి ప్యాట్రిక్ మెక్‌గోవన్, తల్లి బ్రిజెట్, పుట్టింటి పేరు బ్రేడీ అని ఉందనుకోండి. 1869లో అదే టౌన్‌ల్యాండ్‌లో పుట్టిన మరో బిడ్డకు తండ్రి ప్యాట్రిక్ స్మిత్, తల్లి బ్రిజెట్ బ్రేడీ అని ఉందనుకోండి. అప్పుడు ఇంటిపేరు మారడం మీ కళ్ల ముందే జరిగినట్టు. తండ్రి పేరు రెండు రూపాల్లో ఊగుతున్నప్పుడు తల్లి పుట్టింటి పేరే మీకు నిలకడైన ఆధారం.

1864కు ముందు క్యాథలిక్ కుటుంబాలకు చర్చి రిజిస్టర్లే దిక్కు. జాతీయ గ్రంథాలయం వీటి చిత్రాలను 2015లో ఇంటర్నెట్‌లో పెట్టింది. చాలావరకు 1880 వద్ద ఆగుతాయి. మొదటి పేర్లు తరచుగా లాటిన్‌లో ఉంటాయి: జేమ్స్ బదులు యాకోబుస్, జాన్ బదులు యోహానెస్. ఇంటిపేరును మాత్రం పాదిరి తనకు తోచినట్టు రాశాడు. కొత్త పాదిరి వచ్చిన సంవత్సరం చేతిరాత మారుతుంది, దానితోపాటు ఇంటిపేరు రూపం కూడా మారవచ్చు. కనుక స్మిత్‌లు ఒక్కసారిగా మాయమై మెక్‌గోవన్లు ప్రత్యక్షమైతే, కుటుంబాలు వలస పోయాయని తేల్చేయకండి. ముందు చేతిరాత మారిందేమో చూడండి. బిడ్డను ఎత్తుకున్న జ్ఞానతల్లిదండ్రుల పేర్లు కూడా రాసుకోండి, వాళ్లు చాలాసార్లు చుట్టాలే అయి ఉంటారు.

ఇంకా వెనక్కి వెళ్తే 1847 నుంచి 1864 వరకు జరిగిన గ్రిఫిత్ మదింపు, చర్చి కోసం వసూలు చేసే టైద్ పన్నుకు 1823 నుంచి 1837 వరకు తయారైన పుస్తకాలు ఉన్నాయి. వీటిలో భూమిని అనుభవిస్తున్నవారి పేర్లే ఉంటాయి, భార్యాపిల్లల పేర్లు ఉండవు. ఒకే టౌన్‌ల్యాండ్‌లో ఇద్దరు జేమ్స్ స్మిత్‌లుంటే గ్రిఫిత్ గుమాస్తాలు తండ్రి పేరునో, జుట్టు రంగునో కుండలీకరణాల్లో చేర్చారు. 'జేమ్స్ స్మిత్ (ప్యాట్)' అంటే ప్యాట్ కొడుకు జేమ్స్ అని అర్థం. ఆ చిన్న మాటలో ఒక తరం వివరం దాగి ఉంది, వదిలేయకండి.

1821 నుంచి 1851 వరకు జరిగిన జనగణనలు 1922 జూన్ 30న డబ్లిన్‌లోని అభిలేఖాగారం తగలబడినప్పుడు దాదాపు అన్నీ కాలిపోయాయి. 1861 నుంచి 1891 వరకు ఉన్నవాటిని అంతకుముందే ప్రభుత్వం ధ్వంసం చేయించింది. అయితే కావన్ కౌంటీలో కొన్ని పారిష్‌ల 1821 పుస్తకాలు మిగిలాయి. మాక్ గవన్ మూలాన్ని వెతికేవారికి ఇది పెద్ద అదృష్టం, తప్పక చూడండి.

6. ఏ స్మిత్ అన్నది తేల్చండి

మాక్ గవన్లు బ్రెఫ్నీ అనే పాత రాజ్యానికి చెందిన ముఖ్యమైన కుటుంబం. దానిలో తూర్పు భాగమే నేటి కావన్. అక్కడ అత్యధికులు స్మిత్‌లయ్యారు. పక్కనున్న లీట్రిమ్, ఆపైన స్లైగో, డొనెగాల్ వైపు మెక్‌గోవన్ రూపం నిలిచింది. కాబట్టి మీ కుటుంబం 19వ శతాబ్దంలో కావన్ టౌన్‌ల్యాండ్‌లో ఉన్న క్యాథలిక్ కుటుంబమైతే, మూలం మాక్ గవన్ అయ్యే అవకాశం చాలా ఎక్కువ. కానీ 17వ శతాబ్దం మొదట్లో ఇంగ్లండు, స్కాట్లండుల నుంచి రైతులను తెచ్చి స్థిరపరచిన ఆరు అల్‌స్టర్ (ఐర్లాండ్ ఉత్తర ప్రాంతం) కౌంటీల్లో కావన్ కూడా ఒకటి. అక్కడి స్మిత్ ఆ వలసదారుడి సంతతి కూడా కావచ్చు. మతశాఖ ఇక్కడ మంచి సూచనే గాని సాక్ష్యం కాదు; మతం మారినవారు రెండు వైపులా ఉన్నారు.

ఆంట్రిమ్, డౌన్ కౌంటీల వారైతే మరింత నిదానించండి. డౌన్‌లోని బాలీగోవన్ అనే ఊరి పేరుకు అర్థం మాక్ గవన్ వారి ఊరు. అంటే అక్కడ ఐరిష్ మాక్ గవన్లు పూర్వం నుంచీ ఉన్నారు. అయినా స్కాట్లండులోనూ గేలిక్ మాట్లాడినవారిలో అదే అర్థంతో మెక్‌గోవన్ పుట్టింది, వాళ్లలో కొందరు సముద్రం దాటి వచ్చారు. రూపం ఐరిష్‌లా కనబడినంత మాత్రాన మూలం ఐర్లాండ్ కాదు.

7. ఐరిష్ రూపాన్ని సరిగా రాయండి

మాక్ గవన్, మధ్యలో 'అన్' చేర్చిన మాక్ అన్ గవన్, ఓ గవన్ అని మూడు రూపాలున్నాయి. వీటిలో మీ కుటుంబం ఏది వాడిందో పత్రం చెబితే దాన్నే వాడండి. పత్రం ఏమీ చెప్పకపోతే ఆ ప్రాంతంలో వాడుకలో ఉన్నది తీసుకోండి, తీసుకున్నట్టు నోటులో రాసి ఉంచండి. 20వ శతాబ్దం మధ్యలో ఐరిష్ వర్ణక్రమాన్ని సంస్కరించారు కనుక పాత పుస్తకంలోని పొడవైన రూపం, నేటి పొట్టి రూపం రెండూ సరైనవే కావచ్చు. కావన్ కౌంటీ కూట్‌హిల్‌లో పుట్టిన బ్రిటిష్ సైన్యాధికారి ఎరిక్ డోర్మన్-స్మిత్ 1949లో తన పేరును డోర్మన్-ఓగోవన్‌గా మార్చుకున్నాడు. మాక్ కాకుండా ఓ ఎంచుకున్నాడన్నది గమనించండి. ఇలా వెనక్కి మార్చుకున్న పేరును చూసి పూర్వీకులు అదే వాడారని నిర్ణయించకూడదు.

ఎక్కువగా జరిగే పొరపాట్లు

ఎమ్‌సి అని రాస్తే ఐరిష్, ఎమ్‌ఏసి అని రాస్తే స్కాటిష్ అన్న మాట వట్టిది. అది కుదింపు మాత్రమే. ఇంగ్లీషు రూపాల్లో 'ఓ' పక్కన పెట్టే పైకామా ఐరిష్‌లో లేదు. అక్కడ ఫాడా, తర్వాత ఖాళీ ఉంటాయి. ఆ 'ఓ'కు ఇంగ్లీషు షష్ఠీ విభక్తితోనూ సంబంధం లేదు.

దుకాణాల్లో ఇంటిపేరుకో డాలు బొమ్మ అచ్చు వేసి అమ్ముతారు. అటువంటి చిహ్నాన్ని ఇచ్చేది వ్యక్తికి, అది అతని సంతతికి చెందుతుంది. ఇంటిపేరు కలిసిన ప్రతివారికీ చెందదు. పెళ్లి పత్రిక మీద వేయించే ముందు ఆలోచించండి.

ప్రతి ఊళ్లోనూ కమ్మరి ఉండేవాడు. అంటే ఒకరితో ఒకరికి సంబంధం లేని గవన్ కుటుంబాలు వేర్వేరు చోట్ల పుట్టి ఉండవచ్చు. మన దగ్గర ఇంటిపేరు ఒకటైతే వరస కలిపే అలవాటు ఉంది గాని, ఇక్కడ ఆ అలవాటు పనికిరాదు.

ఫలితాన్ని ఎలా సరిచూసుకోవాలి?

మూడు పరీక్షలు పెట్టండి. మొదట, రెండు వేర్వేరు రూపాలు ఒకే కుటుంబానివని చెప్పడానికి టౌన్‌ల్యాండ్, భార్య పుట్టింటి పేరు, ఇద్దరు పిల్లల పేర్లు కలవాలి; ఒక్కటి కలిస్తే చాలదు. రెండవది, అదే టౌన్‌ల్యాండ్‌లో, పక్క టౌన్‌ల్యాండ్లలో అదే పేరుగల మరో మనిషి లేడని స్వయంగా వెతికి నిర్ధారించుకోండి. మీ ఊహను తప్పని నిరూపించడానికి గట్టిగా ప్రయత్నించి, అది నిలిస్తేనే ఒప్పుకోండి. మూడవది, మీరు గీసిన వరుసలో ఒక తరం నుంచి మరో తరానికి వెళ్లే ప్రతి గీత పక్కనా ఏ పత్రం, ఏ సంవత్సరం అన్నది రాయండి. రాయలేని చోట గీతను చుక్కలుగా మార్చండి.

తండ్రి నుంచి కొడుక్కి వచ్చే వై క్రోమోజోమ్ పరీక్ష ఈ చుక్కల గీతకు కొంత సాయపడుతుంది. అయితే మీ ఇంటి స్మిత్‌తో పాటు, అదే ప్రాంతానికి చెందిన, పత్రాలతో రుజువైన మెక్‌గోవన్ ఒకరు కూడా పరీక్ష చేయించుకుని ఉండాలి. పోల్చడానికి ఎవరూ లేని ఫలితం మీకు ఏమీ చెప్పదు. ఆ మెక్‌గోవన్ దొరికేదాకా చుక్కల గీతను చుక్కల గీతగానే ఉంచండి, మనవరాలికి చూపించేటప్పుడు కూడా.